ఫైర్‌వాల్ ఫర్మ్‌వేర్ ఎప్పుడు మార్చాలి, ఎప్పుడు ఆగాలి: చిన్న ఊళ్లలో నెట్‌వర్క్ చూసుకునేవారికి

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో కాలేజీ, ఆసుపత్రి, జీడిపప్పు ఫ్యాక్టరీ, సహకార బ్యాంకు వంటి చోట్ల నెట్‌వర్క్ చూసుకునేవారు మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్న ఇది: ఫైర్‌వాల్ (బయటి ఇంటర్నెట్‌కూ లోపలి నెట్‌వర్క్‌కూ మధ్య కాపలా ఉండే పెట్టె) తెర మీద కొత్త ఫర్మ్‌వేర్ (ఆ పెట్టెను నడిపే సాఫ్ట్‌వేర్) వచ్చిందని కనిపిస్తోంది, ఎక్కించేయాలా, ఆగాలా? ఒకరు ఎప్పటికప్పుడు ఎక్కించేయమంటారు, మరొకరు నడుస్తున్నదాన్ని కదపవద్దంటారు. రెండు సలహాలూ కొన్ని సందర్భాల్లో సరైనవే, కొన్ని సందర్భాల్లో ప్రమాదకరమైనవే. మీ ముందున్నది ఏ సందర్భమో తేల్చుకునే పద్ధతిని కింద వరుసగా ఇస్తున్నాను. మన ప్రాంతంలో ఈ నిర్ణయం మరింత జాగ్రత్తగా తీసుకోవలసినది. పెట్టె లేవకపోతే బదులు పెట్టె, దాన్ని బిగించే ఇంజినీరు చాలాసార్లు విశాఖపట్నం నుంచే రావాలి. సోంపేట, ఇచ్ఛాపురం వైపు ఉన్నవారికి ఆ రాకతోనే ఒక పూట గడిచిపోతుంది.

ముందుగా సిద్ధం చేసుకోవలసినవి

• ఫైర్‌వాల్ మోడల్, సీరియల్ నంబరు, ఇప్పుడు నడుస్తున్న వెర్షన్, దాని బిల్డ్ సంఖ్య. వీటిని కాగితం మీద రాసుకోండి, ఎందుకంటే అవసరమైన వేళకు ఆ తెర తెరుచుకోకపోవచ్చు.
• సపోర్టు ఒప్పందం గడువు తేదీ. గడువు తీరితే చాలా కంపెనీల పోర్టల్‌లో ఫర్మ్‌వేర్ ఫైలు దొరకదు. బదులు పెట్టె "మరుసటి పనిదినం" వస్తుందని ఒప్పందంలో ఉంటే, ఆ మాట మీ ఊరికి వర్తిస్తుందో లేదో డీలరును అడిగి రాతపూర్వకంగా తీసుకోండి.
• కన్సోల్ కేబుల్ (నెట్‌వర్క్ పనిచేయకపోయినా పెట్టెను నేరుగా అందుకునే తీగ), దాన్ని మీ ల్యాప్‌టాప్‌కు కలిపే యూఎస్‌బీ అడాప్టర్. కన్సోల్ వేగం (బాడ్ రేటు) ఫోర్టినెట్ కంపెనీ తయారుచేసే ఫోర్టిగేట్‌కు 9600, మైక్రోటిక్ కంపెనీ బోర్డులకు సాధారణంగా 115200. కేబుల్ బీరువాలో ఉంటే చాలదు. ముందే తగిలించి లాగిన్ తెర వస్తోందో లేదో చూడాలి.
• రెండు ఫర్మ్‌వేర్ ఫైళ్లు: ఎక్కించబోయేది ఒకటి, ఇప్పుడు నడుస్తున్నది ఒకటి. కొత్త ఫైలు మాత్రమే దించుకోవడం అందరూ చేసే పొరపాటు. ఇంటర్నెట్ ఇచ్చే పెట్టే పడిపోయాక పాత ఫైలును దించుకోవడం కష్టం.
• కాన్ఫిగరేషన్ బ్యాకప్, రెండు చోట్ల. దానికి పాస్‌వర్డ్ పెడితే ఆ పాస్‌వర్డ్ మరొకరికీ తెలియాలి.
• బ్యాటరీ నిజంగా నిలబడే యూపీఎస్, ఫోన్ హాట్‌స్పాట్ రూపంలో రెండో ఇంటర్నెట్ దారి.

1. ఎందుకు మారుస్తున్నారో ఒక వాక్యంలో రాయండి

ఆ వాక్యం రాయలేకపోతే అప్‌గ్రేడ్ ఆలోచనను అక్కడే ఆపండి. తెర మీద కనిపించే గుర్తు కారణం కాదు. అది కొత్త ఫైలు ఉందని చెప్పే సమాచారం మాత్రమే. సరైన కారణాలు నాలుగే ఉంటాయి: భద్రతా లోపం, మీకు ఇప్పటికే ఎదురవుతున్న ఒక బగ్, మీకు తప్పనిసరిగా కావలసిన ఒక సదుపాయం, మీ వెర్షన్‌కు సపోర్టు ముగియబోవడం.

భద్రతా లోపమైతే మూడు ప్రశ్నలు వేసుకోండి. లోపం ఉన్న సదుపాయం మీ పెట్టెలో ఆన్‌లో ఉందా? అది ఇంటర్నెట్ వైపు నుంచి అందుబాటులో ఉందా? దాన్ని వాడి దాడులు జరుగుతున్నాయని తయారీ సంస్థ గాని, భారత ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్ గాని, అమెరికా ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సీసా నిర్వహించే జాబితా గాని చెబుతోందా? మూడింటికీ అవునని జవాబు వస్తే స్థిరత్వం గురించి వారాల తరబడి ఆలోచించే అవకాశం మీకు లేదు. ఆ రోజో మరునాడో పని ముగించాలి. 2024 ఫిబ్రవరిలో ఫోర్టిగేట్ ఎస్‌ఎస్‌ఎల్ వీపీఎన్‌లో (బయటి నుంచి లోపలి నెట్‌వర్క్‌లోకి సురక్షితంగా వచ్చే దారి) బయటపడిన సీవీఈ-2024-21762 (సీవీఈ అంటే భద్రతా లోపానికి ఇచ్చే గుర్తింపు సంఖ్య), అదే ఏడాది ఏప్రిల్‌లో పాలో ఆల్టో కంపెనీ వీపీఎన్ అయిన గ్లోబల్‌ప్రొటెక్ట్‌లో బయటపడిన సీవీఈ-2024-3400 ఈ కోవలోవి. ఆలస్యం ఎంత నష్టం చేస్తుందో మైక్రోటిక్ వాడేవారు 2018లో చూశారు: విన్‌బాక్స్ (మైక్రోటిక్ రౌటర్‌ను అమర్చే సాధనం) లోపానికి ఏప్రిల్‌లోనే సవరణ వచ్చింది, దాన్ని వేసుకోని రౌటర్లను మరి కొన్ని నెలలకు దాడిచేసేవారు పెద్ద సంఖ్యలో స్వాధీనం చేసుకుని క్రిప్టో మైనింగ్‌కు వాడుకున్నారు.

వెంటనే ఎక్కించడం ఏ విధంగానూ కుదరకపోతే, లోపమున్న సదుపాయాన్ని తాత్కాలికంగా ఆపండి, అడ్మిన్ పేజీని ఇంటర్నెట్ వైపు నుంచి మూసివేయండి. అడ్మిన్ పేజీ అసలు బయటకు తెరిచి ఉండకూడదు. తెరిచి ఉంటే ఈ వ్యాసం చదవడం ఆపి ముందు దాన్ని మూయండి.

ఒక హెచ్చరిక. దాడి అప్పటికే జరిగి ఉంటే ఫర్మ్‌వేర్ మార్పు ఒక్కటే దొంగను బయటకు పంపదు. పాత లోపాల ద్వారా చొరబడినవారు సవరణ తర్వాత కూడా ఫైళ్లు చదవగలిగేలా కొన్ని ఫోర్టిగేట్ పెట్టెల్లో ఒక లింకును వదిలివెళ్లారని 2025 ఏప్రిల్‌లో వాటి తయారీ సంస్థే ప్రకటించింది. కాబట్టి అనుమానం ఉన్నచోట అడ్మిన్ పాస్‌వర్డులు, వీపీఎన్ వాడేవారి పాస్‌వర్డులు, సర్టిఫికెట్లు కూడా మార్చాలి.

2. తప్పు ఫర్మ్‌వేర్‌దేనా అని తేల్చుకోండి

"ఫైర్‌వాల్ మధ్యమధ్యలో ఆగిపోతోంది, కొత్త వెర్షన్ వేస్తే సరిపోతుందా?" అని అడిగేవారికి నేను మొదట చెప్పే మాట, ఆగిన సమయాలను ఒక వారం పాటు రాసుకోమని. ఆ సమయాలు కరెంటు పోయి వచ్చిన సమయాలతో కలిస్తే తప్పు యూపీఎస్‌ది గాని, ఎర్తింగ్‌ది గాని, అడాప్టర్‌ది గాని అయ్యే అవకాశం ఎక్కువ. ఏసీ లేని గదిలో, మూసిన రాక్‌లో, ఏప్రిల్, మే నెలల మధ్యాహ్నాలు మాత్రమే ఆగుతుంటే వేడిని అనుమానించండి. సముద్రానికి దగ్గరగా ఉన్న భవనాల్లో ఉప్పు గాలి వల్ల పోర్టులు, ఫ్యాన్లు త్వరగా పాడవుతాయి. ఇంటర్నెట్ మాత్రమే పోయి పెట్టె బాగానే ఉంటే, రోడ్డు పనుల్లో ఫైబర్ తెగిందేమో మీ సర్వీసు ప్రొవైడర్‌ను అడగండి. ఇవేవీ ఏ ఫర్మ్‌వేర్‌తోనూ బాగుపడవు.

ఫర్మ్‌వేర్ తప్పు వేరే తీరుగా కనిపిస్తుంది. దాని ముఖ్యమైన గుర్తు మెమరీ. పెట్టెను రీబూట్ చేసిన రోజు నుంచి, ప్రతిరోజూ ఒకే వేళకు, అంటే ఉదయం పదకొండు గంటలకు అనుకుందాం, మెమరీ శాతాన్ని, సెషన్ల (ఆ క్షణంలో నడుస్తున్న కనెక్షన్ల) సంఖ్యను పక్కపక్కన రాయండి. సెషన్లతో పాటు మెమరీ పెరిగి, వాటితో పాటే తగ్గుతుంటే మీ పెట్టె సామర్థ్యం చాలడం లేదు. సెషన్లు దాదాపు అంతే ఉండి మెమరీ మాత్రం రోజురోజుకూ మెట్లెక్కుతూ, రాత్రిపూట కూడా దిగకుండా ఉంటే ఏదో ప్రాసెస్ (పెట్టె లోపల నడిచే ప్రోగ్రామ్) మెమరీని తిరిగి ఇవ్వడం లేదని అర్థం. ఫోర్టిగేట్‌లో మెమరీ 88 శాతానికి చేరితే పెట్టె కన్సర్వ్ మోడ్‌లోకి (మెమరీని పొదుపు చేసే స్థితిలోకి) వెళుతుంది, 82 శాతానికి దిగేదాకా బయటకు రాదు; ఆ మధ్యకాలంలో కొత్త కనెక్షన్లు సరిగా నడవక, వాడేవారికి "నెట్ పోయింది" అనిపిస్తుంది. ఏ ప్రాసెస్ పెరుగుతోందో ప్రాసెస్‌ల జాబితాలో చూసి, ఆ పేరు రాసుకోండి. క్రాష్ లాగ్‌లో అదే పేరు పదేపదే కనిపిస్తే మీ దగ్గర ఇప్పుడు ఆధారం ఉంది.

3. ఏ వెర్షన్‌కు వెళ్లాలో ఎంచుకోండి

స్థిరత్వం కోసం మారేవారు సాధారణంగా తాము ఉన్న సిరీస్‌లోనే తర్వాతి ప్యాచ్‌కు (చిన్న సవరణ విడుదలకు) వెళ్లాలి. కొత్త సిరీస్‌కు దూకకూడదు. మీరు ఫోర్టిగేట్ 7.2 సిరీస్‌లో ఉండి ఒక బగ్‌తో బాధపడుతుంటే, ఆ బగ్ 7.2లోనే సరిదిద్దారేమో ముందు చూడండి. కొత్త సిరీస్ మీ పాత బగ్‌ను తీసేస్తూ, మీరు ఎన్నడూ చూడని బగ్‌లను వెంట తెస్తుంది. సిరీస్‌లో మొదటి విడుదలను, అంటే చివర సున్నా ఉన్నదాన్ని, పని నడిచే చోట పెట్టకండి.

తయారీ సంస్థలు కొంత సహాయం చేస్తాయి. ఫోర్టినెట్ 7.2 సిరీస్ నుంచి ప్రతి విడుదలకూ "ఫీచర్" లేదా "మెచ్యూర్" అనే గుర్తు పెడుతోంది; మీకు కావలసింది రెండోది. పాలో ఆల్టో తన సపోర్టు పోర్టల్‌లో "ప్రిఫర్డ్" విడుదలలను చూపుతుంది. మైక్రోటిక్‌లో "స్టేబుల్" అనే పేరు చూసి చాలామంది అదే అత్యంత స్థిరమైనదనుకుంటారు, అయితే మార్పులు తక్కువగా ఉండే ఛానెల్ "లాంగ్-టర్మ్". ఉచిత ఫైర్‌వాల్ సాఫ్ట్‌వేర్ అయిన ఓపీఎన్‌సెన్స్ ఏటా జనవరిలో ఒకటి, జూలైలో ఒకటి పెద్ద విడుదల ఇస్తుంది. ఆ తర్వాత వచ్చే చిన్న సవరణలు రెండు మూడు చూసి మారడం మంచిది.

భద్రతా అవసరం లేనప్పుడు, విడుదలై కనీసం నాలుగు నుంచి ఆరు వారాలు గడిచిన ప్యాచ్‌నే తీసుకోమని నా సలహా. ఆ గడువులో బయటపడిన తప్పులను తయారీ సంస్థ రిలీజ్ నోట్స్‌లో (విడుదలతో పాటు ఇచ్చే వివరాల పత్రంలో) కలుపుతుంది కాబట్టి, మొదటి రోజు చదివిన నోట్స్‌ను మళ్లీ చదవాలి.

4. రిలీజ్ నోట్స్ చదవండి

పని మొత్తంలో ఎక్కువ సమయం ఇక్కడ పెట్టండి. ముందు కాగితం మీద మీరు వాడే సదుపాయాలను రాయండి: ఐపీసెక్ టన్నెళ్లు (బ్రాంచిలను కలిపే మరో రకం వీపీఎన్ దారులు), ఎస్‌ఎస్‌ఎల్ వీపీఎన్, రెండు ఇంటర్నెట్ లైన్ల మధ్య మార్పు, వెబ్ ఫిల్టర్, వీలాన్‌లు (ఒకే నెట్‌వర్క్‌లోని విడివిడి భాగాలు), యాక్టివ్ డైరెక్టరీ లాగిన్, ఫోన్ సిస్టమ్ కోసం సిప్, ఇలా. ఆ జాబితాలోని ప్రతి మాటనూ నోట్స్‌లో వెతకండి. సరిదిద్దిన లోపాల భాగంలో రెండో మెట్టులో మీరు రాసుకున్న ప్రాసెస్ పేరు, లక్షణం కనిపిస్తున్నాయా? కనిపించకపోతే ఈ విడుదల మీ సమస్యను తీరుస్తుందనడానికి ఆధారం లేదు; సపోర్టుకు టికెట్ పెట్టి బగ్ సంఖ్య అడగండి. తెలిసిన లోపాల భాగంలో మీరు వాడే సదుపాయం ఉందా? ఉంటే దానికి తాత్కాలిక మార్గం ఇచ్చారా?

అందరూ దాటవేసే భాగం మరొకటి ఉంది: తీసేసిన సదుపాయాలు, మారిన డిఫాల్టులు. ఒక ఉదాహరణను దగ్గరగా చూద్దాం. రాజాంలోనో బొబ్బిలిలోనో ఒక కాలేజీలో ఫోర్టిగేట్ 60ఎఫ్ ఉందనుకోండి. అధ్యాపకులు ఇంటి నుంచి ఎస్‌ఎస్‌ఎల్ వీపీఎన్ ద్వారా మార్కులు ఎక్కిస్తారు. ఆ పెట్టెలో మెమరీ 2 జీబీ. ఈ మెమరీ ఉన్న మోడళ్లలో 7.4.4 నుంచి ప్రాక్సీ ఆధారిత సదుపాయాలను (ట్రాఫిక్‌ను మధ్యలో ఆపి పరిశీలించేవాటిని) తీసేశారు, 7.6.0 నుంచి ఎస్‌ఎస్‌ఎల్ వీపీఎన్‌నే తీసేశారు. నోట్స్ చదవకుండా 7.6కు వెళితే పెట్టె చక్కగా లేస్తుంది, లోపల ఇంటర్నెట్ నడుస్తుంది, పరీక్ష చేసినవారికి అంతా బాగున్నట్టే కనిపిస్తుంది. సాయంత్రం ఇంటి నుంచి లాగిన్ అవబోయిన అధ్యాపకుడికి మాత్రం దారి ఉండదు. ఇది బగ్ కాదు కాబట్టి సపోర్టువారు సరిచేయరు. అక్కడ సరైన వరుస ఏమిటంటే, ముందు పాత వెర్షన్ మీదే ఐపీసెక్ వీపీఎన్ పెట్టి, అందరినీ దాని మీదకు మార్చి, కొన్నాళ్లు నడిచాక సిరీస్ మార్పు గురించి ఆలోచించాలి.

మైక్రోటిక్ ఫర్మ్‌వేర్ రౌటర్‌ఓఎస్‌లో 6 నుంచి 7కు వెళ్లేవారు ఓఎస్‌పీఎఫ్, బీజీపీ (రౌటర్లు దారుల సమాచారం పంచుకునే పద్ధతులు) కాన్ఫిగరేషన్ రాసే తీరే మారిందని గమనించాలి. సోఫోస్ ఎక్స్‌జీ పెట్టెలు వాడుతున్నవారికి విషయం ఫర్మ్‌వేర్‌ను దాటిపోయింది. ఆ హార్డ్‌వేర్‌కు జీవితకాలం 2025 మార్చి 31తో ముగిసింది కనుక, కొత్త పెట్టెకు డబ్బు అడగవలసిన సమయం ఇది.

5. మధ్య మెట్లు చూసుకోండి

చాలా వెర్షన్లు వెనక ఉన్నవారు ఒక్క దూకులో చివరి వెర్షన్‌కు వెళ్లకూడదు. తయారీ సంస్థ సూచించిన వరుసలో, ప్రతి మెట్టు దగ్గరా రీబూట్ చేసి, బ్యాకప్ తీసుకుని వెళ్లాలి. మెట్లు దాటేస్తే కాన్ఫిగరేషన్‌లో కొన్ని భాగాలు చడీచప్పుడు లేకుండా రాలిపోతాయి.

6. రోజు, వేళ నిర్ణయించండి

అక్టోబరు, నవంబరు మన తీరానికి తుఫానుల కాలం. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్, 2018 అక్టోబరు 11న తిత్లీ వచ్చినప్పుడు ఈ జిల్లాల్లో చాలాచోట్ల కరెంటు రావడానికే రోజులు పట్టింది. బంగాళాఖాతంలో అల్పపీడనం ఉందని వాతావరణ శాఖ చెప్పిన వారంలో, అత్యవసర భద్రతా సవరణ తప్ప మరేదీ ఎక్కించకండి. విజయనగరంలో ఉన్నవారు పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం జరిగే రోజులను, అంటే దసరా తర్వాతి మంగళవారాన్ని, దాని ముందు రోజును కూడా వదిలేయండి. ఆ రద్దీలో విశాఖ నుంచి ఇంజినీరు ఊళ్లోకి రావడమే కష్టమవుతుంది.

వేళ గురించి నా అభిప్రాయం చాలామంది అలవాటుకు భిన్నం. సెలవు కదా అని రెండో శనివారం సాయంత్రం ఎక్కిస్తారు. ఆదివారం ఎవరూ వాడరు, సోమవారం పది గంటలకు అందరూ ఒకేసారి వచ్చాకే తప్పు బయటపడుతుంది. దానికి బదులు మంగళ, బుధ, గురువారాల్లో ఒక రోజు ఉదయం ఐదు గంటలకు చేయండి. ఏడింటికల్లా తనిఖీ ముగుస్తుంది, వాడేవారు వచ్చే సమయానికి మీరు అక్కడే ఉంటారు, డీలరు కార్యాలయం కూడా తెరిచే ఉంటుంది. ఇరవై నాలుగు గంటలూ నడిచే ఆసుపత్రి అయితే క్యాజువాలిటీ, ల్యాబు, ఫార్మసీలకు ముందు రోజే చెప్పి, ఆ అరగంట కాగితం మీద నడిపేలా ఏర్పాటు చేసుకోవాలి.

కొన్ని పెట్టెల్లో ఫర్మ్‌వేర్ దానంతట అదే ఎక్కే అమరిక ఆన్‌లో ఉండవచ్చు. దాన్ని చూసుకోండి, వేళ నిర్ణయించేది మీరై ఉండాలి.

7. ముందు రోజు, పాత ఫర్మ్‌వేర్ మీదే ఒకసారి రీబూట్ చేయండి

దీన్ని దాదాపు ఎవరూ చేయరు, కాని మెట్లన్నింటిలో దీని విలువ ఎక్కువ. ఏడాదిగా ఆగకుండా నడుస్తున్న పెట్టెలో ఫ్లాష్ (ఫర్మ్‌వేర్ నిల్వ ఉండే చిప్) పాడై ఉండవచ్చు, అడాప్టర్ బలహీనపడి ఉండవచ్చు, ఎవరో సేవ్ చేయకుండా వదిలేసిన మార్పు ఉండవచ్చు. పాత ఫర్మ్‌వేర్‌తోనే లేవకపోతే తప్పు ఎక్కడుందో స్పష్టంగా తెలుస్తుంది. అదే కొత్త ఫర్మ్‌వేర్ ఎక్కించాక లేవకపోతే, రెండు కారణాల్లో ఏదో తెలియక సమయం వృథా అవుతుంది.

లేచాక ఆనాటి స్థితిని రాసుకోండి: సీపీయూ, మెమరీ, సెషన్లు, రూట్ల సంఖ్య, పైన ఉన్న వీపీఎన్ టన్నెళ్ల పేర్లు. కొత్త బ్యాకప్ కూడా అప్పుడే తీయండి. ఫర్మ్‌వేర్ ఫైలు చెక్‌సమ్‌ను (ఫైలు చెడిపోలేదని చూపే సంఖ్యను) తయారీ సంస్థ ఇచ్చినదానితో సరిపోల్చండి.

8. ఎక్కించండి

భవనంలో ఉండి, ల్యాప్‌టాప్‌ను నేరుగా కలిపి చేయండి. అదే ఫైర్‌వాల్ గుండా వచ్చే వీపీఎన్ మీద కూర్చుని దాని ఫర్మ్‌వేర్ మార్చకండి. కన్సోల్ తెర తెరిచి ఉంచండి. పెట్టె లేవడానికి ఐదు నుంచి పదిహేను నిమిషాలు పట్టవచ్చు. ఆ మధ్యలో ఎట్టి పరిస్థితిలోనూ కరెంటు తీయవద్దు. అరగంట దాటినా కన్సోల్‌లో కదలిక లేకపోతేనే తర్వాతి చర్య గురించి ఆలోచించాలి. జంట పెట్టెలు ఉంటే ముందు స్టాండ్‌బైని మార్చి, అది పని అందుకుందని చూశాకే రెండోదాన్ని ముట్టుకోండి. మైక్రోటిక్‌లో రౌటర్‌ఓఎస్ మారాక రౌటర్‌బూట్‌ను (రౌటర్‌ను లేపే చిన్న ప్రోగ్రామ్‌ను) విడిగా అప్‌గ్రేడ్ చేసి, ఇంకోసారి రీబూట్ చేయాలి.

ఆ రోజు మరే మార్పూ చేయకండి. "ఎలాగూ ఆపాం కదా" అని కొత్త స్విచ్ బిగించడం, పాలసీలు సర్దడం వల్ల, తప్పు వచ్చినప్పుడు మూలం దొరకదు.

9. ఫలితాన్ని తనిఖీ చేయండి

వెబ్ పేజీ తెరుచుకుంటే పని అయిపోయినట్టు కాదు. ముందుగా వెర్షన్, బిల్డ్ సంఖ్య మీరు అనుకున్నవేనా చూడండి. ఫోర్టిగేట్‌లో కాన్ఫిగరేషన్ లోపాల లాగ్ అనేది ఒకటి ఉంటుంది. కొత్త వెర్షన్ మీ పాత కాన్ఫిగరేషన్‌లో ఏ వరుసలను అంగీకరించలేదో అందులో కనిపిస్తుంది. తర్వాత, నాలుగో మెట్టులో రాసిన జాబితా తీసి ఒక్కొక్కటీ నిజంగా వాడి చూడండి. టన్నెల్ పచ్చగా కనిపించడంతో ఆగకుండా, అవతలి బ్రాంచిలోని ప్రింటర్‌కు ఒక కాగితం పంపండి. ఫోన్ ద్వారా బయటి ఇంటర్నెట్ నుంచి వీపీఎన్‌లోకి లాగిన్ అవండి. మొదటి ఇంటర్నెట్ కేబుల్ పీకి, రెండో లైను అందుకుంటోందా చూడండి. నిషేధించిన ఒక సైటు ఇప్పటికీ తెరుచుకోవడం లేదా అన్నది కూడా చూడాలి. అన్నీ తెరుచుకుంటున్నాయంటే ఫిల్టర్ పడిపోయి ఉండవచ్చు. గడియారం, లాగ్ సర్వర్ మరచిపోవద్దు, ఎందుకంటే 2022 ఏప్రిల్ 28 నాటి సెర్ట్-ఇన్ ఆదేశాల ప్రకారం లాగ్‌లను 180 రోజులు భద్రపరచాలి, సంఘటనలను 6 గంటల్లో తెలియజేయాలి.

ఆ తర్వాత వారం రోజులు, రెండో మెట్టులో లాగానే ఉదయం పదకొండింటికి మెమరీ, సెషన్లు రాయండి. మెమరీ లీకు మొదటి రోజు కనిపించదు.

10. వెనక్కి వెళ్లే గడువును ముందే పెట్టుకోండి

ఉదయం ఐదింటికి మొదలుపెట్టిన పనిలో, ఏడున్నరకల్లా ముఖ్యమైనది ఏదైనా నడవకపోతే వెనక్కి వెళ్లాలని ముందే రాసుకోండి. గడువు లేనివారు "ఇంకో పది నిమిషాలు" అంటూ తొమ్మిదిన్నర దాకా వెతుకుతూనే ఉంటారు. ఫోర్టిగేట్‌లో పాత ఫర్మ్‌వేర్ రెండో పార్టిషన్‌లో (నిల్వలోని విడి భాగంలో) ఉంటుంది, సోఫోస్‌లో రెండో స్లాట్‌లో ఉంటుంది, పీఎఫ్‌సెన్స్, ఓపీఎన్‌సెన్స్‌లను జడ్‌ఎఫ్‌ఎస్ అనే ఫైల్ సిస్టమ్ మీద ఇన్‌స్టాల్ చేసి ఉంటే పాత బూట్ స్థితికి మళ్లవచ్చు. ఇలా మళ్లినప్పుడు ఆనాటి కాన్ఫిగరేషనే తిరిగి వస్తుంది, మధ్యలో చేసిన మార్పులు పోతాయి. కొత్త వెర్షన్‌లో తీసిన బ్యాకప్‌ను పాత వెర్షన్‌లో ఎక్కించే ప్రయత్నం చేయకండి.

మళ్లే ముందు అయిదు నిమిషాలు వెచ్చించి క్రాష్ లాగ్, సపోర్టు కోసం తీసే సమాచార ఫైలు ల్యాప్‌టాప్‌లోకి దించుకోండి. పార్టిషన్ మారాక అవి దొరకకపోవచ్చు. వాటితో అదే రోజు టికెట్ పెట్టి బగ్ సంఖ్య తీసుకోండి, తర్వాతి ప్యాచ్ నోట్స్‌లో సరిదిద్దినవాటి కింద ఆ సంఖ్య కనిపించినప్పుడు మళ్లీ మూడో మెట్టు నుంచి మొదలుపెట్టండి.